ఇమో గొంతుకు ఏ జబ్బూ లేదు

ఫుజైరాలో నేను పనిచేసిన మెస్సులో వంట చేసే ఆయమ్మ కొరియా మనిషే, కానీ కొరియా దేశం మనిషి కాదు. అదెట్లా అంటారేమో, నేనూ మొదట్లో అట్లనే అడిగినా.

అసలు ముందు నేనెట్ల ఆడికి పోయినానో చెప్తా. పెళ్ళైన కొత్తలో మా ఇంటాయన నన్ను షార్జాకు పిలిపించుకున్నాడు. అల్ నహ్దాలో ఒక ఫ్లాటును నాలుగు ముక్కలు చేసి నాలుగు సంసారాలు ఉండేవాళ్ళం. కొన్నాళ్ళకు ఆయనకు ఫుజైరాలో కంకర క్వారీలో టిప్పర్ తోలే పని దొరికింది. ఫుజైరా అంటే కొండలు, సముద్రం, డీజిల్ పోయించుకోను వచ్చే ఓడలు. మనిషి అలికిడి తక్కువ, ఆడోళ్ళకు పనులు ఇంకా తక్కువ. నాకేమో గమ్మున ఇంట్లో కూర్చోవాలంటే చేతగాదు. గోడతోనైనా మాట్లాడతా గానీ నోరు మూసుకుని ఉండలేను.

ఆ రోజుల్లోనే సముద్రం నీళ్ళను తాగే నీళ్ళు చేసే పెద్ద ప్లాంటు కడతా ఉన్నారు అక్కడ. దానికోసం కొరియా ఇంజనీర్లు, ఫోర్మన్లు శానా మంది దిగినారు. వాళ్ళకు మన తిండి పడదు, అరబ్బు తిండీ పడదు. వాళ్ళ దేశం మేడమ్ ఒకామె పెద్ద విల్లా బాడిగకు తీసుకుని మెస్సు పెట్టింది. గిన్నెలు కడిగేదానికి, కూరగాయలు తరిగేదానికి, హాల్లో ప్లేట్లు పెట్టేదానికి మనిషి కావాలంటే మా ఆయన క్వారీ ముదీర్, అంటే మేనేజరు, చెప్పి నన్ను పెట్టించినాడు. నేను చదివింది ఏడో తరగతి. కొరియా అనే దేశం ఒకటుందని టీవీ డబ్బా మీద చూసి తెలుసు, అంతే.

వంట చేసే ఆయమ్మను అందరూ ఇమో అనేవాళ్ళు. ఇమో అంటే పిన్ని. వాళ్ళ దేశంలో హోటళ్ళలో పనిచేసే పెద్దాడోళ్ళను అట్లనే పిలుస్తారంట. నేనూ ఇమో అనే పిలిచేదాన్ని. ఆయమ్మ నన్ను "మే" అని పిలిచేది. నేనే నేర్పించినా. మా రాయచోటి పక్క చెల్లెలినైనా, కూతురినైనా, కోపమొస్తే మొగుణ్ణి కన్న అత్తనైనా అట్లనే పిలుస్తామని చెప్పినా.

ఇమో వాళ్ళ ఊరు చైనాలో ఉంది. ఒక దినం నూడుల్స్ చేసేదానికి బల్ల మీద పిండి చల్లినప్పుడు ఆ పిండిలోనే వేలుతో గీసి చూపించింది. ఇది కొరియా, కింద సగం ఒక దేశం, పైన సగం ఇంకో దేశం. పైన ఈడ ఒక ఏరుంది. ఏటికి ఇవతల గట్టున కరువొస్తే వాళ్ళ తాత పిల్లల్ని చంకనేసుకుని అవతల గట్టుకు పోయినాడు. పోయినోళ్ళు ఆడనే ఉండిపోయినారు. ఇప్పటికీ వాళ్ళ ఊర్లో బడి కొరియా భాషలోనే చెప్తారంట, అంగడి బోర్డులన్నీ రెండు భాషల్లో రాస్తారంట. అట్ల పోయినోళ్ళలో కొంతమంది ఇంకా పైకి, రష్యా పక్కకు పోతే, వాళ్ళనేమో రైళ్ళకెక్కించి ఉజ్బెక్ దేశంలో దించినారంట.

"వాళ్ళకు ఆడ క్యాబేజీ దొరకలా. క్యారెట్టుతో కిమ్చి చేసుకున్నారు" అనింది. "వాళ్ళ మాట కూడా అంతే. మన మాటే, క్యారెట్టు కలిసింది."

"మరి నీ మాటలో ఏం కలిసింది ఇమో?" అన్నా.

"నా మాటలో ఏం కలవలా. మా తాత ఏరు దాటినప్పుడు ఎట్లుండెనో అట్లనే ఉంది. అదే వీళ్ళకు నచ్చనిది."

మా ఇద్దరి నడుమ నడిచిన భాషకు పేరు లేదు. కొరియా మాటలు, నాలుగు ఇంగ్లీషు మాటలు, యల్లా, ఖలాస్ అని రెండు అరబ్బు మాటలు, మిగతాదంతా చేతులు. ఆర్నెల్లు తిరిగేసరికి వంటింటి మాట మటుకు నాకు బాగా పట్టుబడింది. ఇక్కడ మేడమ్ మాటల్ని టీవీలో వార్తలు చదివేవాళ్ళ తెలుగులో రాస్తా, ఎందుకంటే ఆమెది సియోల్ మాట. ఇమో మాటల్ని మా కడప మాటలో రాస్తా. అప్పుడే మీకు ఆ తేడా తెలుస్తాది.

మెస్సు తెరిచిన కొత్తలోనే జరిగింది ఇది, ఆ మాటలన్నీ తర్వాత ఇమో చెప్తే తెలిసినాయి నాకు. వంటింటికీ హాలుకూ నడాన ప్లేట్లు అందించే కిటికీ ఒకటి ఉండేది. ఒక ఇంజనీరు తిని, ఆ కిటికీ దగ్గరికొచ్చి, "పులుసు చాలా బాగుంది ఇమో. ఏ ఊరు మీది?" అని అడిగినాడు. ఇమో నోరు తెరిచేలోపల మేడమ్ అడ్డమొచ్చేసింది.

"ఆవిడకు గొంతు బాగాలేదండీ. డాక్టరు మాట్లాడొద్దన్నారు."

అతను అయ్యో పాపం అనుకుంటా పోయినాడు. ఇమో గరిటె పట్టుకుని మేడమ్ పక్క తిరిగింది.

"నా గొంతుకేమైంది?"

"ఏమీ కాలేదు. బయట బోర్డు మీద సియోల్ ఇంటి భోజనం అని రాయించాను. మీరు ఒక్క మాట మాట్లాడితే చాలు, చైనా నుంచి వచ్చారని వాళ్ళకు తెలిసిపోతుంది. సియోల్ వంటమనిషని నమ్మే వీళ్ళు ఇక్కడికి వస్తున్నారు." మేడమ్ గొంతు పెద్దది చేయలేదు. ఆమె ఎప్పుడూ చేయదు. "వాళ్ళకు తెలిసిన రోజున మీ వీసా మళ్ళీ కొట్టించను. ముందే చెబుతున్నాను, తర్వాత అనుకోవద్దు."

ఇమోకు ఆ వీసా ఎంత ముఖ్యమో నాకు తెలుసు. అంతకు ముందు సియోల్లోనే హోటళ్ళలో పనిచేసింది ఆయమ్మ, కాగితాలు లేకుండా. ఆడ కూడా నోరు తెరిస్తే చాలు, చైనా ఆడది అని గిన్నెల దగ్గరికి తోసేవాళ్ళంట. వంటదాకా రానిచ్చేవాళ్ళు కాదంట. మనిషి బతుకులో మొదటిసారి సొంతంగా పొయ్యి ముందర నిలబడింది, సరైన వీసాతో, ఈ ఫుజైరాలోనే. ఊర్లో కూతురు నర్సు చదువుతా ఉంది, అది ఇంకా పూర్తి కాలేదు. మొగుడు ఎప్పుడో పోయినాడు. ఈ పని పోతే మళ్ళీ దొంగతనంగా సియోల్ పోవాల, లేదంటే కూతురిని చదువు మాన్పించాల.

అందుకని ఇమో మూగదైపోయింది. అంటే హాల్లో మనుషులు ఉన్నంత సేపు. వాళ్ళు సైటుకు పోయినాక మటుకు, ఆయప్పా, నేనే తట్టుకోలేకపోయేదాన్ని. మధ్యాన్నం నుంచి సాయంత్రం వరకు మాటలే మాటలు. మనుషులొచ్చే టైముకు నీళ్ళు కట్టేసిన కుళాయి మాదిరి టక్కున ఆపేసేది. ప్లేట్లు రెడీ అయినాయంటే మూత మీద గరిటెతో కొట్టేది. కిటికీ దగ్గర గెస్టులు ఏమడిగినా నేనే జవాబు చెప్పేదాన్ని. వాళ్ళకు నా కొరియా మాట తమాషా, నాకు వాళ్ళ నవ్వు తమాషా.

నాకు ఇమో మీద అంత ప్రేమ ఎందుకంటే ఒక సంగతి చెప్పాల. మేం సాయిబులం. కొరియా మెస్సంటే పంది మాంసం లేకుండా జరగదు. చేరిన దినమే నేను మొహం మాడ్చుకుని నిలబడినా, చెప్పలేక. ఇమో నన్ను చూసింది, ఏమీ అడగలా. ఆ మాంసం గిన్నెలు, ఆ కత్తి, ఆ పలక వేరే పెట్టి, వాటి మీద ఎర్ర దారం కట్టింది. ఉన్నన్నాళ్ళూ వాటిని ఆయమ్మే కడుక్కునింది. నా అన్నానికి చిన్న గిన్నె ఒకటి కొత్తది కొని పక్కన పెట్టింది. మేడమ్‌కు ఈ సంగతి తెలుసో లేదో నాకు తెలియదు.

హాల్లో కూర్చున్నోళ్ళందరిదీ ఒకటే మాట అనుకునేదాన్ని మొదట్లో. కాదు. పుసాన్ పక్కోళ్ళు ఒక బల్ల దగ్గర కూర్చుంటే కొట్లాట జరుగుతా ఉందేమో అని ప్లేట్లు పట్టుకుని తలుపు దగ్గరే నిలబడిపోయినా ఒకసారి. వాళ్ళు ఊరికే ఫుట్‌బాల్ గురించి మాట్లాడుకుంటున్నారంట. కింద పడమటి దిక్కోళ్ళు మాట చివర లాగుతారు, మా నెల్లూరోళ్ళ మాదిరి. దక్షిణాన సముద్రంలో ఉండే దీవి నుంచి ఒకాయన వచ్చినాడు, ఆయన వాళ్ళమ్మతో ఫోన్లో మాట్లాడితే పక్కనున్న కొరియావోళ్ళే నోళ్ళు తెరుచుకుని చూసేవాళ్ళు. ఒక్క ముక్క కూడా తెలిసేది కాదంట. కానీ పైఆఫీసరు వచ్చి కూర్చున్నాడంటే చాలు, అందరూ సియోల్ మాటకు మారిపోయేవాళ్ళు, సైటు గేటు దగ్గర హెల్మెట్ పెట్టుకున్నట్టు.

నాకది కొత్త కాదు. మా ఇంట్లో తెలుగే మాట్లాడతాం, తాతల కాలం నుంచి. ఉర్దూ నాకు సినిమా చూసి వచ్చిందే. అల్ నహ్దా ఫ్లాటులో పక్క గది హైదరాబాద్ ఆమె నా ఉర్దూ విని, "ఉర్దూ సరిగ్గా రాదు, నువ్వేం ముస్లిమువమ్మా" అని నలుగుర్లో అనింది. నమాజు చేసేటప్పుడు నన్ను చూసి నవ్వు ఆపుకునేది. మళ్ళా తెలుగోళ్ళ దగ్గరికి పోతే, "సాయిబుల పిల్లవి, తెలుగు ఇంత బాగా ఎట్లొచ్చింది?" అంటారు. ఎట్లొస్తాది, నోట్లో పుట్టింది. ఇమోకు ఇది చెప్తే అప్పటిదాకా నవ్వని మనిషి పడీ పడీ నవ్వింది. "మే, మనిద్దరం ఎవరికీ సరిపోం" అనింది.

గొంతు జబ్బు సంగతికొస్తే, అది మేడమ్ అనుకున్నంత సులభంగా జరగలా. కొరియావోళ్ళు జబ్బు మనిషిని ఊరికే వదిలిపెట్టరు. లీవుకు ఊరు పోయినోళ్ళంతా గొంతుకు మందు తేవడం మొదలుపెట్టినారు. ఒకాయన నిమ్మకాయ మాదిరి పండును తేనెలో ఊరబెట్టిన సీసా తెచ్చినాడు. ఇంకొకాయన అల్లం పొడి. దీవి ఆయన వాళ్ళమ్మ ఎండబెట్టి పంపించిన నారింజ తొక్కలు. కిటికీ దగ్గర ఇచ్చి, ఎట్ల తాగాలో నాకు చెప్పి, ఇమో తాగేదాకా నిలబడి చూసి పోయేవాళ్ళు. ఇమో వాళ్ళ ముందర తలకాయ వంచి తాగేది. వాళ్ళు పోయినాక సింకులో ఉమ్మేసేది.

"ఏ జబ్బూ లేకుండా ఇంత మందు తాగితే నాకు నిజంగానే జబ్బొస్తాది" అని తిట్టుకునేది. "మేడమ్‌కు చెప్పు, ఇంకో అబద్ధం ఏదైనా తియ్యంగా ఉండేది చెప్పమని. కాలు విరిగిందని చెప్పమను."

"కాలు విరిగితే వంటెట్ల చేస్తావు?"

"గొంతు పోయినాక చేస్తన్లా?"

ఆ మందులు తెచ్చినోళ్ళలో ఒక పెద్దాయన ఉండేవాడు, వెల్డర్లకు ఫోర్మన్. ఎండకు నల్లబడిన మనిషి, మాట తక్కువ. తినేటప్పుడు ఎవరి పక్కనా కూర్చునేవాడు కాదు. ఆయన తెచ్చింది ఒక తెల్ల వేరు, పేరు తొరాజి. ఎండబెట్టింది. నా చేతికిచ్చి, "పాటలు పాడేవాళ్ళు కూడా ఇదే తాగుతారు" అని చెప్పి పోయినాడు. రుచి చూస్తే చేదు, వేపాకు నయం.

చలికాలం మొదలైంది. ఇమో వీసా గడువు దగ్గరికొస్తా ఉంది. మేడమ్ డ్రాయర్లో పాస్‌పోర్టు ఉండేది. ఇమో ఆ డ్రాయర్ పక్క నుంచి పోయినప్పుడల్లా ఒకసారి చూసేది, పెనం మీద దోసె మాడుతుందేమో అని చూసినట్టు. ఏం కాకుండా ఇంకొన్ని వారాలు గడిస్తే చాలు అని నేను కూడా మొక్కుకున్నా.

అప్పుడొచ్చినాడు ఆ ఫోర్మన్, మధ్యాన్నం భోజనం టైముకు. హాలంతా మనుషులున్నారు. కిటికీ దగ్గర మేడమ్, నేను ఉన్నాం. లోపల ఇమో మాకు వీపు పెట్టి ముల్లంగి తరుగుతా ఉంది.

వాళ్ళమ్మ పోయిన తిథి దగ్గరికొస్తా ఉందంట. ఎక్కడున్నా ఆ దినం వాళ్ళమ్మకు అన్నం పెట్టుకోవాల వాళ్ళలో, ఇష్టమైన పదార్థాలన్నీ చేసి. పెద్దకొడుకు ఈయనే. ఈ ఏడు లీవు ఇవ్వలేదు. మిగతావి ఎట్లో చేసుకుంటాడంట, ఒక్కటి మటుకు మెస్సులో చేసిపెట్టమని అడగను వచ్చినాడు. దాని పేరు కాజామి సిఖే. బల్లపరుపుగా ఉండే చేప ఒకటుంటాది, రెండు కళ్ళూ ఒకే పక్కనుంటాయి. దాన్ని ఉప్పులో ఊరబెట్టి, కారంపొడి, తెల్లగడ్డ, ముల్లంగి కలిపి పులియబెడతారు.

మేడమ్ వినింది. "తప్పకుండా చేద్దామండీ. చేపలో అన్నం కలిపి పులియబెట్టేదే కదా?"

అన్నం కాదని ఆయన మొహంలోనే తెలుస్తా ఉంది. కానీ పెద్దాయన మర్యాద మనిషి. "సరేనండీ. ఈ ఎడారిలో అంతకంటే ఏం దొరుకుతుంది. అన్నమే వేయండి" అన్నాడు.

లోపల ముల్లంగి తరిగే శబ్దం ఆగింది.

"అన్నమేస్తే అది సిఖేనా?" అనింది ఇమో.

వీపు తిప్పకుండానే అనింది. మేడమ్ కిటికీలోకి చేయి పెట్టి వద్దు వద్దని ఊపింది. ఇమో ఇటు తిరిగిందే గానీ మేడమ్‌ను చూడలా. నేరుగా ఆయన్నే చూసింది, చేతిలో కత్తి పట్టుకునే.

"అన్నమేసి పులియబెడితే రెండో దినానికి గంజైపోతాది. కొర్రలు వేయాల. కొర్రలు పలుకుగా వండి, ఆరబెట్టి, అప్పుడు కలపాల. చచ్చిపోయిన తల్లికి పెట్టేటప్పుడు ఎడారి గిడారి అనుకుంటా ఏదో ఒకటి పెడతారా ఎవరైనా?"

హాల్లో అందరూ ఇటు తిరిగినారు. ఫోర్మన్ మొహం చూస్తే తిట్లు పడ్డోని మాదిరి లేదు, ఎవరో వెనక నుంచి భుజం తట్టినట్టుంది. జవాబు చెప్పేసరికి ఆయన మాట మారిపోయింది. ఇన్నాళ్ళూ నేను విన్న మాట కాదు అది. ఇమో మాటే.

"మీదేవూరు?"

"ఏటికి అవతల."

"ఏ ఏరు?"

"తూమన్ ఏరు. ఇంకేముంది."

"మా అమ్మది ఇవతల గట్టు" అన్నాడు ఆయన.

"మా తాతది కూడా ఇవతల గట్టే."

"కారం ముందా, కొర్రలు ముందా?"

"కారం ముందు. మీ అమ్మ ఎట్లేసేది?"

"కారమే ముందు."

"మరి తెలిసి కూడా అన్నమేయమంటావా?" అనింది ఇమో. ఆయన తలకాయ వంచుకున్నాడు, బడిలో పిల్లోని మాదిరి.

తర్వాత తెలిసింది నాకు. వాళ్ళమ్మా నాయనా యుద్ధంలో పై సగం నుంచి కింద సగానికి పారిపోయి వచ్చినోళ్ళంట. నాలుగు దినాల్లో తిరిగి పోతాం అనుకుని, మళ్ళీ దారి తెరిస్తే తొందరగా పోవచ్చని, ఆ హద్దుకు దగ్గర్లోనే సముద్రం ఒడ్డున గుడిసెలు వేసుకున్నారంట. దారి తెరవలా. ఆ వీధి వీధంతా ఆ పక్క మాటే. ఆ ముసలోళ్ళంతా ఒక్కొక్కరే పోయినారు. వాళ్ళమ్మ పోయినాక ఆయనకు ఆ మాట మాట్లాడను మనిషి లేడు. ఆ మాట ఎక్కడో చైనాలో ఇంకా మాట్లాడతారని ఆయనకు తెలుసు గానీ, ఫుజైరాలో తను దినామూ తినే అన్నం వెనకాలే ఉందని అనుకోలా.

హాల్లో సియోల్ పిల్లోడు ఒకడు, ఆఫీసు పనివాడు, గట్టిగానే అన్నాడు: "ఆవిడకు గొంతు బాగాలేదన్నారు కదా?"

"బాగైంది" అన్నాడు ఫోర్మన్, వెనక్కి తిరగకుండానే. "అందరం కలిసి అంత మందు పోసినాం, బాగు కాక ఏమవుతుంది."

నవ్వినోళ్ళు నవ్వినారు. ఆ పిల్లోడు నవ్వలా. "మేం సియోల్ వంట అనుకుని తింటున్నాం. చైనా మనిషా చేసేది?" అన్నాడు. మేడమ్ తెల్లబోయింది. ఆమె అట్ల నిలబడింది నేను ఎప్పుడూ చూడలా.

అందరూ పోయినాక మేడమ్ వంటింట్లోకి వచ్చింది. నేను తెల్లగడ్డలు ఒలుస్తా కూర్చున్నా, బయటికి పొమ్మంటుందేమో అని తల పైకెత్తలా.

"నేను చెప్పిన మాట ఏమిటి?" అనింది.

"గుర్తుంది" అనింది ఇమో.

"గుర్తుండి కూడానా? ఇంకొన్ని రోజులు ఆగితే సరిపోయేది. నేనేమన్నా కావాలని చేశానా ఇదంతా? వీళ్ళు రాకపోతే మీకూ పని లేదు, నాకూ లేదు."

ఇమో "ఇరప్సో" అనింది. పర్వాలేదు అని ఆ పక్క మాటలో. మేడమ్ బయటికి పోయింది. పాస్‌పోర్టు డ్రాయర్‌కు తాళం వేసిన చప్పుడు వినపడింది మా ఇద్దరికీ.

నాకు ఆగలా. లేచి పోయి మేడమ్ ముందర నిలబడినా. "ఇమోను పంపిస్తే నేను కూడా పోతా" అన్నా, నాకొచ్చిన కొరియాలో.

మేడమ్ నన్ను కింది నుంచి పైదాకా చూసింది. "వెళ్ళి ఏం చేస్తావు?"

అది నేను ఆలోచించలా. తిరిగొచ్చి తెల్లగడ్డల దగ్గర కూర్చున్నా. ఇమో అడిగింది, ఏమైంది అని. చెప్తే, "నీకంటే నా నోరే నయం" అనింది.

ఆ మరుసటి దినం నుంచి ఒక బల్ల ఖాళీ. ఆ సియోల్ పిల్లోడు, వాని స్నేహితులు సైటు క్యాంటీనులో తింటామని పోయినారు. మిగతా కుర్రోళ్ళలో కొంతమంది ఇమో మాటను అనుకరించడం మొదలుపెట్టినారు. ఆ పక్కోళ్ళు రండి అనేదానికి "ఒప్సో" అంటారు. వీళ్ళు తలుపు తెరిచినప్పుడు, కుర్చీ జరిపినప్పుడు, "ఒప్సో, ఒప్సో" అని ఒకర్నొకరు చూసుకుని నవ్వేవాళ్ళు. నాకు ఒళ్ళు మండేది. ఒకసారైతే ఒకనికి పులుసు పోయడం మర్చిపోయినట్టు పక్కకు పోయినా. ఇమో మటుకు ఏమీ పట్టించుకోలా. ఇంక దాచేదేముంది, పోయేదేముంది అన్నట్టు ఉండేది. కానీ కూతురికి ఫోన్ చేసినప్పుడు ఈ సంగతి చెప్పలా. నేను గమనించినా.

సిఖే మటుకు చేసినాం. కొర్రలు ఎక్కడ దొరుకుతాయి అని ఫోర్మన్ దిగులుపడితే, ఇమో దాన్ని బల్ల మీద గీసి చూపించింది, నక్క తోక మాదిరి కంకి, పసుపు పచ్చ గింజ. నాకు నవ్వొచ్చింది. మా ఇంట్లో సంచి ఉంది. మా అమ్మ ఊరి నుంచి వచ్చినోళ్ళ చేత పంపించింది, దుబాయ్‌లో బియ్యం తిని తిని కడుపు చెడిపోతాదని. తెచ్చి పోసినా. ఇమో గింజలు చేతిలోకి తీసుకుని ఊదింది, ఒక గింజ నోట్లో వేసుకుని కొరికింది, ఫోర్మన్‌కు చూపించింది. ఆయన కూడా కొరికినాడు. ఇద్దరూ తలకాయలు ఊపినారు. చేప కోసం నేను, ఇమో మార్కెట్టుకు పోయినాం. అక్కడ దాన్ని మూసా చేప అంటారంట. ఆ పేరెందుకొచ్చిందో ఆ మలయాళీ చేపలాయన చెప్తా ఉంటే ఇమో చేపల కళ్ళు చూసుకుంటా వినలేదు.

తిథి దినం ఫోర్మన్ తన గదిలో తలుపు వేసుకుని వాళ్ళమ్మకు పెట్టుకున్నాడు. మరుసటి దినం ఆ పదార్థాలన్నీ హాలుకు తెచ్చినాడు. అట్ల పెట్టిన తిండిని అందరితో పంచుకుని తినాలంట వాళ్ళ పద్ధతి. నేను తినలా. పోయినోళ్ళకు పెట్టింది తినొచ్చో లేదో తెలియక మా ఆయన్ని అడిగితే, "నీకెందుకు, గమ్మునుండు" అన్నాడు. ఫోర్మన్‌కు చెప్తే ఏమీ అనుకోలా. "కొర్రలు మీవే కదా, చాలు" అన్నాడు. సిఖే వాసన చూసి పక్కకు జరిపినోళ్ళు ఉన్నారు. పుసాన్ బల్లోళ్ళు మాత్రం గిన్నె అడుగు కనపడేదాకా తిన్నారు. అంతలో ఆ దీవి ఆయన లేచి, తన మాటలో ఏదో పెద్దగా అన్నాడు. ఎవరికీ తెలియలా.

"ఏందయ్యా?" అనింది ఇమో కిటికీలోంచి, తన మాటలో.

"ఇంకో రోంత పెట్టమన్నా" అన్నాడు, ఈసారి సియోల్ మాటలో.

మేడమ్ వాకిట్లో నిలబడి చూస్తా ఉంది. ఆమె లెక్క ఆమెది. రెండు వారాలు చూసింది, ఎంతమంది వస్తారు, ఎంతమంది పోతారు అని. ఆ ఒక బల్ల తప్ప ఎవరూ పోలేదు. ఆ బల్లోళ్ళు కూడా మెల్లగా ఒకరొకరే తిరిగొచ్చినారు. క్యాంటీనులో దినామూ వేయించిన కోడేనంట. సియోల్ పిల్లోడు అందరికంటే చివర వచ్చినాడు, కిటికీ పక్కకు చూడకుండా కూర్చున్నాడు. ఇమో వాని ప్లేటు అందరి ప్లేట్ల మాదిరే పెట్టింది, ఎక్కువా లేదు, తక్కువా లేదు. బోర్డు అట్లనే ఉండింది. దాన్ని మార్చమని మేడమ్‌కు ఎవరూ చెప్పలా, ఆమె మార్చలా.

ఒక పొద్దున నేను ఉల్లికాడలు తరుగుతా ఉంటే మేడమ్ వచ్చి, ఇమో ముందర బల్ల మీద పాస్‌పోర్టు పెట్టింది.

"రేపు పొద్దున వీసా మెడికల్‌కు వెళ్ళాలి. రక్తం తీస్తారు, ఎక్స్‌రే తీస్తారు. ఇంగ్లీషు అడిగితే ఈ అమ్మాయిని వెంట తీసుకెళ్ళండి."

అంతే. గొంతు గురించి గానీ, ఆ దినం గురించి గానీ ఒక్క ముక్క లేదు. నాకు ఇంగ్లీషు ఎంతొచ్చో మేడమ్‌కు బాగా తెలుసు.

మెడికల్ సెంటర్లో ఆడోళ్ళ లైన్లో నిలబడినాం. ఇమో ఎక్స్‌రే గదిలోకి పోయి వచ్చింది. రక్తం ఇచ్చి దూది నొక్కుకుని కూర్చుంది. కొన్నాళ్ళకు రిపోర్టు బాగొచ్చింది, మెస్సుకు ప్రభుత్వం కాగితాల పని చూసే మందూబ్ పోయి వీసా కొట్టించుకొచ్చినాడు. మేడమ్ ఆ పేజీ తెరిచి చూపించింది. ఇమో వేలుతో తడిమి చూసింది, తడి ఆరిందా లేదా అని చూసినట్టు. తర్వాత ఫోన్ దగ్గరికి పోయి కూతురికి చేసింది. ఆ దినం జరిగింది, ఈ దినం జరిగింది, మందులు, కత్తి, కొర్రలు అన్నీ ఆ ఫోన్లోనే చెప్పింది.

ఆ సాయంత్రం మేడమ్ హాల్లో వాళ్ళ దేశం సీరియల్ చూస్తా కూర్చుంది. గెస్టులు ఇంకా రాలా. ఇమో పొయ్యి ముందర నిలబడి, కూతురి కాలేజీ, వాళ్ళ ఊర్లో మంచు, మా ఆయన టిప్పర్, ఫోర్మన్ మోకాళ్ళ నొప్పి, ఒకదాని మీద ఒకటి చెప్తానే ఉంది. మేడమ్ కిటికీలోకి తల పెట్టి, "టీవీ వినపడటం లేదు" అనింది.

ఇమో గొంతు తగ్గించింది. మాట్లాడటం మటుకు ఆపలా.